కనపడిన మాట

తాళం బయటినుంచి వేశారు. ముందు ఈ ఒక్క సంగతి మనసులో పెట్టుకోండి, మిగతాదంతా తర్వాత. పట్టాల మీద పక్కకు జరిగే ఇనుప తలుపు. దానికి బయట గొళ్ళెం, గొళ్ళానికి నా పిడికిలంత తాళం. లోపల మగ్గాల షెడ్డు. షెడ్డులో నా కూతురు.

నేను ఆవరణకు అవతల, కండెలు చుట్టే గదిలో ఉన్నాను. మధ్యాహ్నం ఎండ ఫెళ్ళున కాస్తోంది. షెడ్డు కిటికీల్లో తెల్లగా ఏదో ఆడింది. దూది నలుసులు అక్కడ ఎప్పుడూ పొగమంచులా తేలుతూనే ఉంటాయి కాబట్టి ఎవరం పట్టించుకోలేదు. ఆ తెలుపు కాసేపటికి నల్లబడింది. ఏదో మోటారు దగ్గర నిప్పురవ్వ లేచింది. దూదికి నిప్పంటుకుంటే ఇక చెప్పేదేముంది?

ఆ కిటికీలకు లోపల తీగ అల్లిన గాజు. కొట్టినా పగలదు. ఆ గాజుకు మొహం ఆనించి నా కూతురు నన్ను వెతికింది. నేను కనపడగానే అరవలేదు. ఇంకా కొన్ని మగ్గాలు ఆడుతూనే ఉన్నాయి, అరిచి లాభం లేదని దానికి తెలుసు. పెదవులతోనే చెప్పింది, రోజూ చెప్పినట్టే, తొందర లేకుండా విడమరిచి చెప్పింది.

"అమ్మా, తలుపు తియ్యి."

పరుగెత్తాను. కాపలావాడు తలుపు ముందే నిలబడి ఉన్నాడు. "తాళంచెవి నా దగ్గర లేదు పిన్నీ! పైన ఉంది, పైన!" అని మేడ చూపించాడు. మేడ మీద ఆఫీసు. నాలుగు వైపులా అద్దాలు. మేం ఏ మూల కూర్చుని ఊపిరి తీసుకుంటున్నామో కుర్చీలోంచే కనిపెట్టడానికి కట్టించుకున్న గది అది. ఆ అద్దం వెనక యజమాని నిలబడి ఉన్నాడు, చేతిలో తాళంచెవుల గుత్తి. పక్కన మేనేజరు. యజమాని పెదవులు కదిలాయి. నేను కింద నిలబడి ప్రతి మాటా చూశాను.

"ముందు గోదాములో బట్ట బయటికి తీయించు. ఆ తలుపు తీస్తే వీళ్ళంతా గేటు దగ్గరికి పోతారు."

గేటు దగ్గర ఆ రోజు సంఘం మీటింగు పెట్టుకున్నాం. ఆడవాళ్ళం పని ఆపి బయటికి రావాలని మాట అనుకున్నాం. ఆ తాళం అందుకే పడింది.

బట్ట బయటికి వచ్చింది. ఒక్క తాను కూడా కమిలిపోలేదు. మా వాళ్ళు రాలేదు. నా కూతురు, దాని పక్క మగ్గం మీద పొడుగు వదిన, పెళ్ళి కుదిరిన కవలలిద్దరూ, ఎప్పుడూ ఎవరో ఒకరి పిల్లను చంకనేసుకుని ఉండే బావిగట్టు అక్క... అందరినీ నేను ఒక్కొక్కరినీ తలుచుకోగలను. రోజూ తలుచుకుంటాను. దండం పెట్టడానికి మాత్రం కాదు. పగ చల్లారకుండా ఉండడానికి.

వింటున్న విద్యార్థులకు మగ్గాల షెడ్డు తెలియకపోవచ్చు. అన్ని మరమగ్గాలూ ఒక్కసారి ఆడుతుంటే నెత్తిన పిడుగు పడినా తెలియదు. "చెవులు ఇంటిదగ్గర పెట్టి రండే" అనేవాళ్ళు మాకు పని నేర్పిన పెద్దవాళ్ళు. కాబట్టి మేం పెదవులతో మాట్లాడుకుంటాం. గొంతు పలకదు, మాట మాత్రం స్పష్టంగా ఉంటుంది. ఈ చివరి మగ్గం దగ్గరున్న వదిన ఆ చివరి మరదలిని ఏడిపించవచ్చు. అత్తగారి మీద చాడీలు అత్తగారి వెనకే నిలబడి చెప్పుకోవచ్చు, ఆవిడ ఇటు తిరక్కుండా ఉంటే చాలు. ఇంటికి వచ్చినా అలవాటు పోదు. మా ఆయన బతికున్న రోజుల్లో, "ఏమిటే నీ బాధ? చేపలాగా నోరు తెరుస్తావు, మాట బయటికి రాదు" అని విసుక్కునేవాడు. ఇంకో సంగతి. ఇది ఆవులింత లాంటిది. ఎదుటివాళ్ళు పెదవితో అడిగితే మన పెదవి మనల్ని అడక్కుండానే జవాబు చెప్పేస్తుంది.

యజమానికి కూడా ఈ మాట వచ్చు. ఆయన పుట్టు యజమాని కాదు. మా మధ్య నూనె డబ్బా పట్టుకుని తిరిగిన మేస్త్రీ. మిల్లు కట్టిన పెద్దాయన కూతుర్ని పెళ్ళాడి, పెద్దాయన పోయాక కుర్చీ ఎక్కాడు. మిల్లు మొత్తం ఆయనదే అయినా మాకు ఇప్పటికీ "అల్లుడుగారే". మేస్త్రీగా ఉన్నప్పుడు ఆయనకొక విద్య ఉండేది. పెద్దాయన పక్కనే నిలబడి, మొహం నిండా నవ్వు పులుముకుని, పెదవులతో మమ్మల్ని అమ్మనా బూతులు తిట్టేవాడు. పెద్దాయన చూస్తే మేస్త్రీ ఆడకూలీలతో ఎంత నెమ్మదిగా ఉన్నాడో అనుకోవాలి. ఆ నవ్వును మేం మరిచిపోలేదు.

విచారణ జరిగింది. పెద్ద గది, పైన ఫ్యాన్లు, బల్ల వెనక అధికారి. నేను తల్లి పోయిన నా మనవరాలి చెయ్యి పట్టుకుని వెళ్ళాను. దాన్ని ఇంట్లో పిచ్చుక అని పిలుస్తాం, నోరు మూతపడదు కాబట్టి. ఆ రోజు మాత్రం నోరు విప్పలేదు.

"యజమాని అలా అన్నాడని నువ్వు విన్నావా?" అని అధికారి అడిగాడు.

"వినలేదండీ. చూశాను."

"ఏం చూశావు?"

"ఆయన మాట."

అధికారి కలం కింద పెట్టాడు. "మాట కనపడుతుందా అమ్మా?"

గది మొత్తం నవ్వింది. వకీళ్ళు నవ్వారు. తలుపు దగ్గర బంట్రోతు నవ్వాడు. అల్లుడుగారు రుమాలు అడ్డం పెట్టుకుని మర్యాదగా నవ్వాడు. పిచ్చుక నా కొంగు వెనకనుంచి ఆ మొహాలన్నీ ఒక్కొక్కటే చూసి లోపల దాచుకుంది.

కార్మికుల అజాగ్రత్త వల్ల ప్రమాదం జరిగిందని తేల్చేశారు. తర్వాత మేనేజరు మా ఇంటికి వచ్చి, "జరిగిందేదో జరిగిపోయింది. క్షమించేస్తే నీకే మనశ్శాంతి పెద్దమ్మా" అన్నాడు. "నాకు మనశ్శాంతి వద్దు బాబూ. ఆ తాళంచెవి ఇప్పించు చాలు" అన్నాను. ఆ రోజునుంచి మా ఇంటి తలుపు మూయలేదు. గాలికి కొట్టుకుంటుంటే రాయి అడ్డం పెట్టేదాన్ని.

పిచ్చుక పెరిగింది. చదువుకుంది. ఏం చేస్తావే అంటే పత్రికలో చేరతానంది. మొదట ఒక చిన్న సాయంకాలం పత్రికలో అచ్చుతప్పులు దిద్దే పని. ఆ పత్రిక కొనేవాళ్ళకంటే అందులో పొట్లాలు కట్టేవాళ్ళు ఎక్కువ. అక్కడే మొదటిసారి షెడ్డు తలుపు గురించి రాసింది. సంపాదకుడు చదివి, చివరి పేజీ తిప్పి చూపించాడు. పేజీ నిండా మా మిల్లు బట్టల ప్రకటన.

"మన పొయ్యి ఈ పేజీ మీద వెలుగుతోందమ్మా. ఇంకేదైనా రాయి."

"అయితే ఇంకేదైనా రాస్తానండీ, ఇది మీరు వేసేదాకా" అన్నది పిచ్చుక.

దాని బతుకంతా ఆ ఒక్క మాట మీద నడిచింది. పెద్దాసుపత్రిలో చీపురు పట్టుకుని ఊడ్చే మనిషిగా చేరింది. గడువు దాటిన మందుల సీసాలకు కొత్త కాగితాలు అంటిస్తున్న గది కనిపెట్టింది. ఆసుపత్రి పెద్ద డాక్టరు జైలుకు పోయాడు. కట్టిన ఏడాదికే కూలిన వంతెన మీద రాసింది. కాంట్రాక్టరు పోయాడు, వాడి వెనకున్న మంత్రి కూడా పోయాడు. ఒకరి వెనక ఒకరు, చెట్టు దులిపితే పురుగులు రాలినట్టు రాలారు. పెద్దవాళ్ళు దానికి కందిరీగ అని పేరు పెట్టారు. ఎక్కడ మైకు దాచిందోనని దాని సంచీ వెతికేవాళ్ళు. సంచీలో ఏముంటుంది, దువ్వెన, నీళ్ళ సీసా! అది హోటల్లో మూలబల్ల దగ్గర కాఫీ పెట్టుకుని కూర్చుంటుంది, అంతే. అవతలి బల్ల దగ్గర దొంగలిద్దరూ గుసగుసలాడుతుంటే వాళ్ళ పెదవులు చూస్తుంది. మగ్గాల దగ్గర దాని అమ్మ నేర్పిన చదువు అది. కానీ అలా చూసింది చూసినట్టు ఎప్పుడూ రాయలేదు. పెదవి చూసి దారి పట్టుకునేది, రుజువు నడిచి వెళ్ళి తెచ్చేది. "మాట కనపడుతుందా అని మళ్ళీ ఎవడూ నవ్వకూడదు అమ్మమ్మా" అనేది.

బహుమతులు వచ్చాయి. గాజు ఫలకాలు, ఇత్తడి బొమ్మలు, చెక్క మీద బిగించిన రెక్కల పక్షులు. తెచ్చి నా ఒళ్ళో పడేసేది. నేనేం చేసుకోను? ఒకటి నీళ్ళబిందె మీద మూత పెట్టాను. బరువైనవి తలుపులకు అడ్డం పెట్టాను. రాళ్ళు బయట పారేశాను. చూడవచ్చినవాళ్ళు, "అయ్యో, ఇంత గొప్ప బహుమతి నేలమీదా!" అనేవాళ్ళు. "తలుపు తెరిచి ఉంచుతోంది కదా, అదే దాని గొప్ప" అనేదాన్ని.

చిన్న పత్రికనుంచి పెద్ద పత్రికకు పోయింది, అక్కడినుంచి అంతకన్నా పెద్ద పత్రికకు. పోయిన ప్రతిచోటా, కాస్త కాలు నిలదొక్కుకోగానే, షెడ్డు తలుపు కథ తీసి బల్ల మీద పెట్టేది. ప్రతిచోటా ఆ చివరి పేజీ చూపించేవాళ్ళు. కాపలావాడు చచ్చిపోయాడు. మేనేజరు పరాయి దేశం పోయాడు. మిగిలిన సాక్ష్యం నేనొక్కదాన్ని, నేను చూసింది మాట.

అలాంటప్పుడు ఆ కబురు వచ్చింది. దేశం మొత్తం మీద పరిశోధనలు చేసే విలేకరులకు ఇచ్చే బహుమతుల్లో అన్నిటికంటే పెద్దది పిచ్చుకకు ఇస్తున్నారు. ఇచ్చేది ఎవరు? అల్లుడుగారు, మామగారి పేరు మీద. కందిరీగను కొట్టి చంపలేకపోతే బెల్లం పెట్టి జాడీలో వేస్తారు కదా.

సంఘం గదిలో జనం పట్టలేదు. బెంచీల మీద ఆడవాళ్ళు, గోడలకానుకుని మగవాళ్ళు, కిటికీల్లో కాలేజీ విద్యార్థులు. సంఘం అన్న లేచి బల్ల గుద్దాడు.

"తిప్పి కొట్టాలి! మన నెత్తురు అంటిన చేతినుంచి బహుమతి తీసుకుంటే రేపు మనం తలెత్తుకుని తిరగగలమా?"

విద్యార్థులు చప్పట్లు కొట్టారు. మా షెడ్డులో పెద్దనోరు అనే మనిషి ఉంది. పెదవులు పెద్దవి, ఆ మూలనుంచి తిట్టినా ఈ మూలకు చక్కగా అందుతుంది, అందుకని ఆ పేరు. అది నడుం మీద చేతులు పెట్టుకుని లేచింది.

"తిప్పి కొడితే ఏమవుతుంది అన్నా? మర్నాడు పేపర్లో నాలుగు ముక్కలు. ఎల్లుండికి వాటిలో పకోడీలు. మీరంతా ఓ పక్క వీరావేశం పడుతున్నారు కానీ, వాడు ఆ సభకు చప్పట్లు కొట్టడానికి ఎవర్ని తోలిస్తున్నాడో తెలుసా? మమ్మల్నే! పూటపని మాఫీ, బస్సులు కూడానట!"

"మా పిల్లల్ని కూడా పిలిచారు" అన్నది టీచరమ్మ. మిల్లు గోడ పక్కనే వినపడని పిల్లల బడి ఉంది, ఆవిడ అందులో పెద్ద తరగతికి చెప్తుంది. "అల్లుడుగారు చెవి యంత్రాలు దానం చేశారు కదా. ఫొటోలకు మొదటి వరసలో కూర్చోబెడతారట."

ఆ పిల్లలు మాకు కొత్త కాదు. పని నుంచి వస్తూ గోడమీదుగా రోజూ పలకరించుకుంటాం. గొంతులేని మాట వాళ్ళకూ వచ్చు, మాకూ వచ్చు.

ఒక విద్యార్థి కిటికీలోంచి అరిచాడు. "అయితే సభలోనే నినాదాలు ఇద్దాం!"

"అరిస్తే గెంటేస్తారు నాయనా" అన్నాను నేను. "పెదవి కదిపితే ఎవర్ని గెంటుతారు?"

పిచ్చుక అప్పటిదాకా గోడవార కూర్చుని మోకాళ్ళ మీద గడ్డం ఆనించుకుని వింటోంది. లేచి నిలబడింది.

"ఇన్నేళ్ళలో వాడి మొహం మీద కెమెరా పెట్టించడం నావల్ల కాలేదు. ఇప్పుడు వాడే తన చేత్తో పెట్టించుకుంటున్నాడు. టీవీలో అప్పటికప్పుడు ఊరంతా చూస్తుంది. నేను వెళ్తాను."

"వెళ్ళి?" అన్నాడు సంఘం అన్న.

"ఆ తాళం సంగతి అడుగుతాను. అమ్మ అడిగింది మీరు అడగండి. వాడికి నిద్ర పట్టకూడదు, అంతే. ఆ తర్వాత నన్నేం చేసినా చేసుకోనీ."

"ఉద్యోగం పోతుందే" అన్నాను.

"ఇది అడగడానికే కదా ఉద్యోగంలో చేరాను అమ్మమ్మా" అన్నది.

సభ జరిగిన హాలులో కుర్చీలు మెత్తగా ఉన్నాయి. పెద్దనోరు ఒకటికి రెండుసార్లు లేచి కూర్చుని, "ఇందులో కూర్చుంటే మగ్గం ఆడినా నిద్రపడుతుందే" అన్నది. వేదిక మీద పూలు, దీపాల వెలుగు. వేదిక అంచున టీచరమ్మ నిలబడి, మైకులో వచ్చే ప్రతి మాటనూ చేతులతో పిల్లలకు చెప్తోంది. ఆవిడ పని రెండు వైపులా ఉంటుంది. పెద్దవాళ్ళు నోటితో అన్నది చేతులతో పిల్లలకు, పిల్లలు చేతులతో అన్నది నోటితో పెద్దవాళ్ళకు. ఏళ్ళ తరబడి చేసి చేసి, మధ్యలో తాను ఉన్నానన్న సంగతే మరిచిపోతుంది.

అల్లుడుగారు మైకు ముందుకు వచ్చాడు. జుట్టు నెరిసింది, నవ్వు నెరవలేదు. "ఈ మిల్లు నా తల్లి. ఈ కార్మికులు నా అక్కచెల్లెళ్ళు" అని మొదలుపెట్టాడు.

మొదట పెద్దనోరు పెదవులు కదిలాయి. తర్వాత నావి. తర్వాత వరసలు వరసలుగా, బస్సుల్లో తోలుకొచ్చిన ఆడవాళ్ళందరివీ. చప్పుడు లేదు. కుర్చీ కిర్రుమనలేదు. అన్ని నోళ్ళూ కలిసి ఒకే మాట.

తలుపు తియ్యి.

ఆయన ఆగాడు. నీళ్ళు తాగాడు. "అక్కచెల్లెళ్ళు" అని మళ్ళీ అన్నాడు. కుడివైపు చూశాడు, తలుపు తియ్యి. ఎడమవైపు చూశాడు, తలుపు తియ్యి. ఆయన తప్ప వేదిక మీద ఇంకెవరికీ ఏమీ తెలియడం లేదు. పక్కనున్న పెద్దమనిషి మమ్మల్ని చూసి, పాపం ఏదో ప్రార్థన చేసుకుంటున్నారనుకుని చేతులు జోడించాడు. అల్లుడుగారి నుదుటి మీద చెమట పట్టడం నేను చూశాను. నా కూతురి మొహం మీద కూడా ఆ రోజు చెమట పట్టింది. చూడరా, చూడు అనుకున్నాను.

ప్రసంగం సగంలో ఆపి బహుమతి ఇచ్చేశాడు. పెద్ద ఇత్తడి దిమ్మ, దానిమీద కలం పట్టుకున్న చెయ్యి. పిచ్చుక దాన్ని చంకలో, నీళ్ళబిందె పెట్టుకున్నట్టు పెట్టుకుని మైకు ముందుకు వచ్చింది. నోరు తెరిచింది. మాట రాలేదు. మైకువాడు కంగారుపడి పరుగెత్తుకొచ్చి తీగలు కదిలించాడు, మైకు మీద తట్టాడు. వెనక వరసల్లో ఎవరో "వినపడటంలా!" అని అరిచారు. పిచ్చుక తాపీగా అల్లుడుగారి వైపు తిరిగింది. కెమెరా పట్టుకున్న అబ్బాయికి ముందే చెప్పి ఉంచింది, నా మొహం కాదు, ఆయన మొహం వదలకు అని.

దాని పెదవులు అడిగాయి. "అల్లుడుగారూ, ఆ తాళం ఎవరు వేయించారు?"

మేం అనుకున్నది ఇంతే. అడుగుతాం, వాడు ఉడుకుతాడు, మేం చూస్తాం. జవాబు వస్తుందని మాలో ఎవరం కలలో కూడా అనుకోలేదు.

కానీ గుమ్మడికాయ దొంగ ఎవరంటే వాడు భుజాలు తడుముకున్నాడు. పెదవితో అడిగారు, పాత మేస్త్రీ పెదవి ఊరుకోలేదు. కెమెరా కోసం ఆ పాత నవ్వు మొహానికి పులుముకున్నాడు, పెద్దాయన పక్కన నిలబడి నవ్వినట్టే. ఆ నవ్వులోంచి పెదవులు కదిపాడు.

"నేనే వేయించాను. తీయొద్దన్నది కూడా నేనే. నీ అమ్మ జెండా పట్టుకోవడానికి పోదామనుకుంది, పైకే పోయింది. ఇప్పుడేం పీకుతావు?"

నా చుట్టూ ఉన్న ఆడవాళ్ళందరూ చదివారు. హాలులో మిగిలిన జనానికి ఏమీ తెలియదు. అప్పుడు మొదటి వరసలో ఒక పిల్ల లేచింది. ముందు దాని గొంతులోంచి ఒక కేక వచ్చింది, రూపం లేని కేక. తర్వాత చేతులు గబగబా కదిలాయి. పక్క పిల్ల లేచింది, ఇంకో పిల్ల లేచింది, అవే చేతులు. వేదిక అంచున టీచరమ్మ వాళ్ళ చేతులు చూస్తూ, అలవాటు చొప్పున, తన ముందున్న మైకులో పైకి చెప్పేసింది.

"నేనే వేయించాను. తీయొద్దన్నది కూడా నేనే. నీ అమ్మ జెండా పట్టుకోవడానికి..."

అక్కడికి వచ్చాక తన నోటినుంచి వస్తున్నదేమిటో ఆవిడకు తెలిసింది. రెండు చేతులతో నోరు మూసుకుంది. ఒక్క క్షణం. చేతులు తీసింది. మిగిలిన మాట కూడా చెప్పింది.

హాలు లేచి నిలబడింది. ఎవరో తీగ లాగేశారు, దీపాలు ఆరిపోయాయి. అల్లుడుగారిని వెనకదారిన తీసుకుపోయారు. ఆ గందరగోళంలో నా మనవరాలు వచ్చి ఇత్తడి దిమ్మ నా ఒళ్ళో పెట్టింది. "ఇదిగో అమ్మమ్మా, ఇది అన్నిటికంటే బరువు" అన్నది.

తెల్లారేసరికి మా వీధి కిక్కిరిసిపోయింది. టీవీలో ఆ మొహాన్ని చూసిన వినపడనివాళ్ళు ఊళ్ళో ఎన్ని ఇళ్ళల్లో ఉన్నారో! టైలరు వచ్చాడు, గడియారాలు బాగుచేసేవాడు వచ్చాడు, ఒక ముసలాయన కర్ర పట్టుకుని వచ్చాడు. ఒకరికొకరు తెలియరు. అందరి చేతులూ అదే వాక్యం చెప్తున్నాయి. వాళ్ళ వెనకే పోలీసు బండి వచ్చింది. పత్రికవాళ్ళు పిచ్చుకను అప్పటికే ఉద్యోగంలోంచి తీసేశారు, ఆ కబురు ఫోనులో చెప్పారు. మొహం చూసి చెప్పే ధైర్యం ఎవడికీ లేదు.

"పరువు నష్టం, జనాన్ని అల్లర్లకు రెచ్చగొట్టడం" అని ఇన్‌స్పెక్టరు పిచ్చుక చెయ్యి పట్టుకున్నాడు.

పెద్దనోరు అడ్డం వెళ్ళింది. "ఆగు బాబూ. రెచ్చగొట్టడానికి అది ఏం మాట్లాడింది? మైకులో ఒక్క ముక్క రాలేదే!"

"పెదవులు కదిపింది" అన్నాడు ఇన్‌స్పెక్టరు.

"కదిపితే?"

"అడిగింది. ఆయన్ని ఆ తాళం గురించి అడిగింది. అందరూ చూశారు!"

నేను ముందుకు వెళ్ళి ఆ అబ్బాయి మొహంలోకి చూశాను. విచారణ రోజున వాడు పుట్టాడో లేదో.

"ఏమిటీ? మాట కనపడిందా నాయనా?"

వాడికి అర్థం కాలేదు. మా వాళ్ళకు అర్థమైంది. మొదట ఎవరు నవ్వారో తెలియదు. ఆ చివరినుంచి ఈ చివరికి పాకింది. ఆ గదిలో మా మీద నవ్విన నవ్వులన్నీ వడ్డీతో తిరిగి ఇచ్చాం. పోలీసులు పిచ్చుకను బండిలోకి తోశారు. తలుపు మూశారు, బయటినుంచి గొళ్ళెం పెట్టారు. ఆ చప్పుడుకు నవ్వు ఆగిపోయింది.

బండి కిటికీ గాజుకు మొహం ఆనించి నా మనవరాలు నన్ను వెతికింది. అచ్చం దాని తల్లిలాగే. కానీ దాని పెదవులు తల్లి అడిగింది అడగలేదు.

"మగ్గాలు ఆపండి."

నేను ఒక్కదాన్నే కాదు చదివింది. వీధి మొత్తం చదివింది.

మిల్లు పనికూత కూసింది. మేం గేటు దాటి లోపలికి వెళ్ళాం. నేను పని మానేసి చాలాకాలమైనా నన్నెవడూ ఆపలేదు, ఆపితే తెలిసేది. వెనక విద్యార్థులు, వాళ్ళ వెనక వినపడని పిల్లలు. కాలినచోటే మళ్ళీ కట్టిన షెడ్డులో రాత్రిపాళీ వాళ్ళ మగ్గాలు ఇంకా ఆడుతున్నాయి. పెద్దనోరు నడిమి వరసలో నిలబడి పెదవి కదిపింది. ఒక మగ్గం ఆగింది. దాని పక్కది ఆగింది. చివరి మగ్గంలో దారం మోసే నాడె ఒక్కసారి అటు పోయి, తిరిగి రాలేదు.

ఆ షెడ్డు అలా మూగబోవడం మేమెవరం ఎరగం. దూది నలుసులు నేలకు దిగడం కనపడింది. ఎవరో దగ్గారు, అందరం ఉలిక్కిపడ్డాం. మూలమగ్గం పిల్ల భయం భయంగా, "ఇప్పుడేం చేద్దాం అక్కా?" అని పైకి అన్నది.

పెద్దనోరు కళ్ళు పెద్దవి చేసింది. "ఒసేవ్, నీ గొంతు ఇంత బొంగురా! ఇన్నేళ్ళూ కోయిల అనుకున్నానే!"

అలా మేం షెడ్డులో మొదటిసారి ఒకరి గొంతు ఒకరం విన్నాం. తలుపు ఊడబీకాం. మగవాళ్ళు గునపాలు తెచ్చారు, విద్యార్థులు భుజాలు పట్టారు, ఆ ఇనుప తలుపు పట్టాలు వదిలి ఆవరణలో వెల్లకిలా పడింది. దానిమీద ఎక్కి, తొక్కుకుంటూ మేడవైపు నడిచాం.

మమ్మల్ని బెదిరించడానికి పొద్దున్నే వచ్చిన అల్లుడుగారు పైన అద్దాల గదిలో ఉన్నాడు. గుమాస్తాలు మేం రాకముందే దిగిపోయారు. మేడమెట్ల కింద తలుపు ఉంది. నేను దాన్ని బార్లా తెరిచి, ఇంటినుంచి చంకలో పెట్టుకొచ్చిన, కలం పట్టుకున్న ఆ ఇత్తడి చేతిని అడ్డం పెట్టాను. కదల్లేదు. మంచి బరువు.

ఆవరణ నిండిపోయింది. అందరి తలలూ పైకి లేచాయి. ఆయన ఒక అద్దం దగ్గరనుంచి ఇంకో అద్దం దగ్గరికి పోయాడు. ఎటు పోయినా మొహాలే. రెండు అరచేతులూ గాజుకు ఆనించాడు. నవ్వు లేదు. పెదవులు కదిలాయి, మేమంతా చూశాం.

"తలుపు తియ్యండి. నన్ను పోనివ్వండి. తలుపు తియ్యండి."

వాడు మెట్లు దిగి చూడలేదు. జీవితమంతా తాళాలు వేయించినవాడికి, తలుపంటే తాళం వేసే ఉంటుందని తప్ప ఇంకోటి తోచదు.

దూరంగా పోలీసు బళ్ళ కూతలు వినపడుతున్నాయి. ఒక బండి కాదు, చాలా. సంఘం అన్న చేతులు కలపమన్నాడు, కలిపాం. నా ఒక చేతిలో పెద్దనోరు చెయ్యి, ఇంకో చేతిలో ఆ వినపడని పిల్ల చెయ్యి. నేను మెడ ఎత్తి, నా కూతురు అరవని అరుపంతా గొంతులోకి తెచ్చుకుని అరిచాను.

"తాళం వేయలేదురా అల్లుడూ! తలుపు తీసే ఉంది. దిగి రా!"

నా వెనక ఆవరణ మొత్తం ఆ మాట అందుకుంది, పెదవులతో కాదు.